బొమ్మలకు చప్పుడు పోసిన రోజులు

మా అక్క కూతురు ఒక మధ్యాహ్నం ల్యాప్‌టాప్ చంకన పెట్టుకుని వచ్చింది. భోజనం చేశావా అంటే తలూపి, వంటింటి గట్టు మీది గిన్నెలు పక్కకు జరిపి, తెర నా వైపు తిప్పింది.

"పిన్నీ, ఈవిడ పాలు పోస్తోంది. నాకు ఆ చప్పుడు కావాలి" అంది.

తెర మీద ఒక పాత బొమ్మ. ఎక్కడో చలిదేశంలో కొన్ని వందల ఏళ్ళ కిందట ఎవరో గీసింది. దిట్టంగా ఉన్న ఒక పనిమనిషి, చేతులు పైకి మడుచుకుని, నీలం గుడ్డ నడుముకు చుట్టుకుని, కిటికీ పక్కన నిలబడి కూజాలోంచి మట్టిగిన్నెలోకి పాలు వంచుతోంది. బల్ల మీద రొట్టె ముక్కలు. కిటికీలోంచి వచ్చిన వెలుతురు ఆవిడ నుదుటి మీదా ముంజేతుల మీదా పడి అక్కడే ఆగిపోయింది. నేను చూస్తుండగానే ఆ వెలుతురు కొంచెం జరిగింది. ఆవిడ గుండె ఊపిరికి లేచి దిగింది. కూజా అంచున ఎన్నాళ్ళనుంచో నిలిచిపోయిన పాలధార సన్నగా జారడం మొదలుపెట్టింది. గోడకు వేలాడే బుట్ట గాలికి ఊగీ ఊగనట్టు ఊగింది. కాసేపటికి అన్నీ మెల్లగా సద్దుమణిగి, బొమ్మ మళ్ళీ బొమ్మయిపోయింది.

ఇదంతా ఏ అలికిడీ లేకుండా జరిగింది. మందపాటి అద్దం అవతల ఎవరో బతుకుతున్నట్టుగా ఉంది.

ఆ పిల్ల బెజవాడలోనే ఒక చిన్న స్టూడియోలో కంప్యూటర్ మీద బొమ్మలు కదిలించే పని చేస్తుంది. పాత చిత్రాలకు ప్రాణం పోసి, మూడు నాలుగు నిమిషాల సినిమాలుగా చేసి, బడిపిల్లలకు చూపించే పని ఒకటి వాళ్ళకి వచ్చింది. మాటలు వద్దు, పాట వద్దు అని తనే పట్టుబట్టింది.

"మ్యూజిక్ పెడితే పెళ్ళి వీడియోలా ఉంటుంది పిన్నీ. ఆవిడ వంటింట్లో ఏం వినపడుతుందో అదే కావాలి. నువ్వు చెయ్యి."

నన్నే ఎందుకు అడిగిందంటే, నేను చాలా ఏళ్ళు రేడియో నాటకాలకు చప్పుళ్ళు చేశాను. నాటకంలో వాన కురవాలంటే చేటలో ఆవాలు అటూ ఇటూ ఒంచేదాన్ని. పాక తగలబడాలంటే పాలిథిన్ కవరు మైకు దగ్గర పెట్టి నలిపేదాన్ని. పావురాలు ఎగిరిపోవాలంటే గంజి పెట్టిన జేబురుమాలు రెండు చేతులతో టపటపలాడించేదాన్ని. నాటకాలు తగ్గిపోయాక ఆ పనీ ఆగిపోయింది. పటమటలో మా మూడో అంతస్తు ఇంట్లో, వినడానికి పనికొచ్చే చెవులతో, వినమని అడిగేవాళ్ళు లేకుండా కూర్చున్నాను. అందుకే ఆ పిల్ల అడగ్గానే, ఆలోచించుకుని చెప్తాననైనా అనలేదు. "ఆ గిన్నె స్టీలుది కాదు, చూశావా" అన్నాను. ఒప్పుకున్నట్టే.

పాలు పోయడం ఎంతసేపు అనుకున్నాం. ఎండాకాలం. ఫ్యాను కట్టేసి, ఫ్రిజ్ స్విచ్ తీసేసి, కిటికీలకు దుప్పట్లు కట్టి, ముగ్గురం పడగ్గదిలో చెమటలు కక్కుకుంటూ కూర్చున్నాం. చీరల బీరువా తలుపులు బార్లా తెరిచి, మైకు దాని ముందు పెట్టాం. చీరలుంటే గది మోగదు. ప్యాకెట్ పాలు పోస్తే నీళ్ళ చప్పుడే వచ్చింది. మూడోవారు మా ఆయన. కాలువల శాఖలో పనిచేసి రిటైరైన మనిషి. నీళ్ళు ఎంత పారాయో చెప్పమంటే చెప్తారు గానీ ఎలా పారాయో చెప్పమంటే తెల్లమొహం వేస్తారు.

"పాలు పాలే కదా" అన్నారు.

"కాదండీ. ఇవి పలచన. ఆవిడవి చూడండి, తాడులా దిగుతున్నాయి."

మర్నాడు పొద్దున్నే ఆయన పెనమలూరు వైపు పోయి పితికిన గేదె పాలు క్యాను నిండా తెచ్చారు. మట్టిగిన్నె కోసం నేను కుమ్మరి కొట్ల దగ్గర ఒక్కోదాన్నీ గోటితో మీటి చూసుకుంటూ తిరిగాను. చల్లటి పాలకన్నా గోరువెచ్చటి పాలు మెత్తగా పడతాయని ఆ రోజే తెలిసింది. గిన్నె అడుగున మొదటి చుక్కలు పడ్డప్పుడు ఒక గొంతు, పాలు పాల మీద పడటం మొదలయ్యాక ఇంకో గొంతు. మా ఆయన కూడా ఊపిరి బిగబట్టి విన్నారు. హెడ్‌ఫోన్స్ పెట్టుకున్న పిల్ల కళ్ళు మూసుకుని, చేత్తో ఇంకా, ఇంకా అని సైగ చేసింది.

ఆఖర్న, "పిన్నీ, ఆవిడ ఊపిరి కూడా కావాలి" అంది.

మైకు దగ్గర మొహం పెట్టి, బొమ్మలో ఆవిడ గుండె లేచినప్పుడు పీల్చి, దిగినప్పుడు వదిలాను. ఆ నాలుగు నిమిషాలు నేనెక్కడున్నానో నాకు తెలియలేదు. ఉయ్యూరులో మా చిన్నప్పటి వంటిల్లు కళ్ళ ముందుకొచ్చింది. నాన్న చక్కెర ఫ్యాక్టరీలో పనిచేసేవాడు. తెల్లవారుజామున సైరను మోగేసరికి అమ్మ లేచి పొయ్యి రాజేసి ఉండేది. గాలిలో చెరకు మడ్డి వాసన. అమ్మ ఏదైనా ఒంచేటప్పుడు, పాలు గానీ గంజి గానీ, ముక్కుతో కాకుండా నోటితో ఊపిరి తీసుకునేది, పిల్లలు లేస్తారని భయమేమో అన్నంత మెల్లగా. ఆ ఊపిరే నేను ఆ చలిదేశపు మనిషికి ఇచ్చాను. ఇది ఆ పిల్లకు చెప్పలేదు. చెప్తే వాళ్ళ అమ్మమ్మని తలుచుకుని ఏడుస్తుంది, మైకులో పడుతుంది.

సినిమాకి చప్పుడు అతికించి చూసుకున్నప్పుడు మా ఆయన కుర్చీలో ముందుకు జరిగి, "ఆ కిటికీలోంచి చల్లగాలి వస్తున్నట్టుందే" అన్నారు. మా ఇంట్లో కిటికీలన్నీ మూసే ఉన్నాయి.

చలికాలం మొదట్లో ఇంకో బొమ్మ తెచ్చింది. కోత కోసిన పొలం. దూరాన పెద్ద పెద్ద కుప్పలు, బండి, బోలెడంత మంది కూలీలు, గుర్రం మీద ఒక అజమాయిషీ మనిషి. దగ్గర్లో ముగ్గురు ఆడవాళ్ళు. ఇద్దరు నడుములు పూర్తిగా వంచి నేల మీద రాలిన వెన్నులు ఏరుతున్నారు. మూడో ఆవిడ సగం వంగి ఉంది. వంగుతోందో, లేస్తోందో తెలియదు. ముగ్గురి మొహాలూ సరిగ్గా కనిపించవు.

అది పరిగె. మా నాయనమ్మకి ఎవరో గౌను తొడిగి, తలకు గుడ్డ కట్టి, పొలంలో నిలబెట్టినట్టుంది.

నాయనమ్మ వాళ్ళది పామర్రు దగ్గర పల్లె. సొంత పొలం లేదు. క్రిస్మస్ సెలవులకు వెళ్తే, కుప్పలు వేసేశాక చేలల్లోకి నన్ను వెంటబెట్టుకుని వెళ్ళేది. ఒడి కట్టుకుని, కోతకు మిగిలిన కొయ్యకాళ్ళ మధ్య రాలిన వెన్నులు ఏరేది. నేల నెర్రెల్లోకి జారిపోయిన వెన్నును రెండు వేళ్ళతో పైకి లాగితే వచ్చే చిన్న తెగుడు చప్పుడు నాకు ఇప్పటికీ తెలుసు. సాయంత్రం ఆ వెన్నుల్ని కర్రతో కొట్టి, దంచి, గంజి కాస్తే తియ్యగా ఉండేది. బైబిల్లో పరిగె ఏరుకున్న కోడలి కథ ఆదివారం బడిలో చెప్పినప్పుడు, ఇందులో కథేముంది, మా నాయనమ్మ రోజూ చేసేదేగా అనుకున్నాను.

"ఇది ఇంట్లో చెయ్యలేం. అక్కడికే పోవాలి" అన్నాను.

ఇప్పుడు పరిగె మిగిలే చేను దొరకడం కష్టం. కోత మిషను దిగితే నేల మీద ఏమీ ఉంచదు. మా మేనత్త ఇంకా ఆ ఊళ్ళోనే ఉంది. ఫోన్ చేస్తే, తుఫాను గాలికి పడిపోయిన చేను ఒకటుందని, బురదకు మిషను దిగకపోతే మనుషులతో కోయించారని చెప్పింది. "బిడ్డా, పరిగె ఏరే చప్పుడు కోసం బెజవాడ నుంచి కారేసుకుని వత్తన్నారా? పిచ్చి గానీ పట్టిందా ఏంటి!" అని నవ్వింది. మధ్యాహ్నం బయల్దేరి ఉయ్యూరు దాటి వెళ్ళేసరికి అత్త అరుగు మీద తయారై కూర్చుంది. ఎనభై దాటిన మనిషి. కర్ర పట్టుకుని మాకన్నా ముందు గట్టెక్కింది.

కారు పక్కన నిలబెట్టి పిల్ల ఆవిడకు ఫోన్లో బొమ్మ చూపించింది. అత్త ఫోన్ను దూరంగా పట్టుకుని చూసింది.

"ఈళ్ళు ఎవరే?"

"తెలియదు అమ్మమ్మా. ఎప్పటివాళ్ళో."

"మొహాలు ఏయలేదే గీసినోడు?"

"వంగారు కదా, కనపడవు."

"ఆ. నన్ను గీసినా అంతే" అంది అత్త. ఫోన్ తిరిగి ఇచ్చేసింది.

కొయ్యకాళ్ళ మధ్య అప్పుడే మినుము మొలకెత్తింది. తొక్కకుండా అడుగులు వెయ్యమని మా ఆయన పిల్లను హెచ్చరిస్తూ వచ్చారు. చేతి గాజులు తీసి ఆయనకిచ్చాను. బొమ్మలో వాళ్ళకు గాజులు లేవు. హెడ్‌ఫోన్స్ పెట్టుకుని, బొచ్చు తొడుగు వేసిన మైకు అత్త చేతుల దగ్గర పట్టుకుని ఆవిడ వెనకాలే నడిచాను. ఎన్నేళ్ళయిందో వంగి, అయినా నడుం దానంతటదే వంగిపోయింది ఆవిడకు. ఎడమచేయి వీపు మీద, కుడిచేయి నేల మీద. వెన్ను తెగిన చప్పుడు, గరుకు చీర కొయ్యకాళ్ళను రాసుకున్న చప్పుడు, మోకాలి దగ్గర చిన్న పటుక్కు. పొద్దు వాలుతోంది. కాలువ మీదుగా పొగమంచు పలచగా లేస్తోంది. దూరంగా కొంగలు తెల్లగా, చప్పుడు లేకుండా దిగుతున్నాయి. అంతా ఏదో కలలో జరుగుతున్నట్టుంది. బొమ్మలోకి నేనే నడిచి వచ్చాననిపించింది. హెడ్‌ఫోన్స్ తీసి,

"ఎంత నిశ్శబ్దంగా ఉందండీ" అన్నాను.

మా ఆయన నా వంక వింతగా చూశారు. "నిశ్శబ్దమా? కీచురాళ్ళు చెవులు చిల్లులు పొడుస్తుంటే!"

నాతో పరాచికాలు ఆడుతున్నారనుకున్నాను. పిల్ల వైపు చూశాను. అది కూడా తలూపింది. "అవును పిన్నీ, అదే చెప్దామనుకుంటున్నా. కీచురాళ్ళ హోరుకి అమ్మమ్మ చేతుల చప్పుడు పూర్తిగా మునిగిపోతోంది. నీకు హెడ్‌ఫోన్స్‌లో రావట్లేదా?"

నిలబడి విన్నాను. గాలి ఉంది. ఎక్కడో ట్రాక్టరు ఉంది. మా ఆయన ఊపిరి ఉంది. ఇంకేమీ లేదు.

అత్త గట్టు మీద చతికిలబడి మమ్మల్ని మార్చి మార్చి చూసింది. "కీచురాళ్ళా? అయ్యి ఇంకా ఉన్నాయా? నాకు ఇనపడక ఎన్నాళ్ళో అయింది. చేలకి మందులు కొట్టి కొట్టి చచ్చిపోయినయ్యేమో అనుకున్నా."

ఆవిడ మాటకు పిల్ల ఫక్కున నవ్వి, నా మొహం చూసి ఆపేసింది.

తిరిగి వచ్చేటప్పుడు కారు అద్దం దించి బయటికి వింటూ కూర్చున్నాను. బెజవాడలో పిచ్చుకలు కరువయ్యాయని నేను అందరితో అనేదాన్ని. అవి ఉన్నాయేమో. మనవల వయసు పిల్లలు ఈ మధ్య గొణుగుతున్నారని విసుక్కునేదాన్ని. వాళ్ళు మామూలుగానే మాట్లాడుతున్నారేమో. ఎన్నాళ్ళ కిందట ఏ సాయంత్రం ఆఖరిసారి కీచురాయి అరుపు విన్నానో గుర్తు తెచ్చుకోవాలని చూశాను. దొరకలేదు. ఆఖరిసారి అని తెలియకుండానే విని ఊరుకున్నాను.

సూర్యారావుపేటలో చెవి డాక్టరు దగ్గరికి మా ఆయనే తీసుకెళ్ళారు. పరీక్ష చేసే అమ్మాయి నన్ను ఒక చిన్న గదిలో కూర్చోబెట్టి, చెవులకు హెడ్‌ఫోన్స్ పెట్టి, చేతికి బటన్ ఇచ్చింది. కూత వినపడినప్పుడల్లా నొక్కమంది. నాకు ఆ గది కొత్తది కాదు, మా రికార్డింగ్ గది లాగే ఉంది. శ్రద్ధగా నొక్కుతూ వచ్చాను. కాసేపటికి ఆ అమ్మాయి తలుపు తీసి, "ఇప్పుడు నేనేమీ పెట్టలేదండీ. వినపడితేనే నొక్కండి" అంది. సిగ్గుపడిపోయాను. నిజంగా నాకు వినపడింది. సన్నగా, ఎక్కడో దూరంగా. అది గదిలోది కాదు, నా తలలోనే మోగిందని తర్వాత అర్థమైంది.

"వయసుతో వచ్చేదేనమ్మా. సన్నటి చప్పుళ్ళు ముందు పోతాయి. చెవి మిషను పెట్టుకుంటే సరిపోతుంది" అన్నాడు డాక్టరు. కాగితం మీద నా వినికిడి గీత కొంతదూరం చదునుగా వెళ్ళి కాలువ గట్టు దిగినట్టు దిగిపోయింది.

ఆ రాత్రే పిల్లకు ఫోన్ చేసి వేరే ఎవరినైనా చూసుకోమన్నాను. అది ఫోన్ పెట్టేసింది. రెండు మూడు రోజులు రాలేదు కూడా. ఆ రోజుల్లో మా ఆయన పొద్దున్నే కాలువ గట్టు మీదికి నడకకు వెళ్ళేటప్పుడు నన్ను లేపి తీసుకెళ్ళడం మొదలుపెట్టారు. మొదటిరోజు ఏదో పిట్ట చెట్టు మీద ముక్కు తెరిచి మూయడం కనిపించింది.

"ఎలా ఉందండీ దాని అరుపు?"

"అరుపులాగే ఉంది."

"అట్లా కాదు. దేనిలా ఉంది?"

ఆయన నిలబడిపోయి చాలాసేపు విన్నారు. ఇన్నేళ్ళ కాపురంలో ఆయన దేన్నైనా అంతసేపు వినడం నేను చూడలేదు. "కొత్త చెప్పులు వేసుకున్నవాడు మెట్లెక్కుతుంటే ఎట్లా ఉంటుంది? అట్లా ఉంది" అన్నారు. నవ్వొచ్చింది. నవ్వుతూనే ఏడుపు వచ్చింది. ఆయన చూడనట్టు కాలువలోకి చూశారు. అప్పటినుంచి రోజూ అదే పని. ఒకరోజు "ఇడ్లీ కుక్కరు దించబోయే ముందు" అన్నారు, ఇంకోరోజు "పలక మీద కొత్త బలపం". నేను కళ్ళు మూసుకుంటే ఆ చప్పుడు లోపల తయారయ్యేది. నిజంగా అదే చప్పుడో కాదో చెప్పేవాళ్ళు లేరు. అయినా పొద్దున్నే కాలువ మీద పొగమంచులో ఆయన మాటలు పట్టుకుని నడవడం బాగుండేది.

అలాంటి ఒక పొద్దున్నే ఆ మూడో ఆవిడ గుర్తొచ్చింది, సగం వంగిన ఆవిడ. మిగతా ఇద్దరికన్నా పెద్దదానిలా ఉంటుంది. ఆవిడకు ఆ పొలంలో ఏం వినపడుతుంది? పిల్లకు ఫోన్ చేసి రమ్మన్నాను.

"నీ సినిమాలో కెమెరా ముగ్గురి దగ్గరికీ పోతుంది కదా. మొదటి ఇద్దరి దగ్గర కీచురాళ్ళు ఉండనీ, ఎంత హోరున్నా ఉండనీ. ఆ పెద్దావిడ దగ్గరికొచ్చేసరికి కంప్యూటర్లో వాటిని వడగట్టి తీసెయ్యి. గాలి, గడ్డి, ఆవిడ ఊపిరి. అంతే."

పిల్ల పెదవి విరిచింది. "సౌండ్ పోయిందనుకుంటారు పిన్నీ."

"పోయింది కదా మరి."

"మనకి తెలుసు. చూసేవాళ్ళకి ఎట్లా తెలుస్తుంది?"

మా ఆయన కూడా పిల్ల పక్షమే. డబ్బిచ్చినవాళ్ళు తప్పు పడతారని ఆయన భయం. నాకు కోపం వచ్చింది. చప్పుడు నాది కదా, నాకు తెలియదా అన్నాను. పిల్ల ల్యాప్‌టాప్ తెరిచి, నేను చెప్పినట్టు చేసి చూపించింది. కీచురాళ్ళు ఎక్కడ మొదలయ్యాయో, ఎక్కడ ఆగాయో నాకు తెలియదు. తెర మీద గీతలు ఎగిసిపడి, తర్వాత చదునుగా మారడం మాత్రం కనిపించింది. కానీ ఆ ఇద్దరి మొహాలూ మారాయి. మా ఆయన అప్పటిదాకా తెర చూస్తున్నవారు, ఆ జాగా వచ్చేసరికి నా వైపు తిరిగారు.

"నీకు ఇట్లా ఉంటుందా?" అన్నారు.

"నాకు తెలియదండీ. మీరే చెప్పాలి."

పిల్ల ముక్కు తుడుచుకుని, ఉంచేద్దాం అంది. కానీ నేనడిగినంత సేపు కాదు, సగమే. అక్కడ దానిదే పైచేయి.

సినిమాలు ఒక కాలేజీ హాల్లో వేశారు. బస్సుల్లో బడిపిల్లలు వచ్చారు. పాలు పోసే బొమ్మకు హాలంతా సద్దుమణిగిపోయింది. ముందు వరసలో ఒక పాప, "టీచర్, ఆ ఆంటీ గాలి పీలుస్తోంది!" అని గట్టిగా అరిచింది. అందరూ నవ్వారు. పరిగె బొమ్మ వచ్చింది. అప్పటికి నాకు చెవి మిషన్లు వచ్చి వారమే అయింది. వాటిలోంచి కీచురాళ్ళు ఒక్కసారిగా మీద పడ్డాయి. రేకు మీద ఇసుక పోసినట్టు, గరగరా. చిన్నప్పుడు విన్న తియ్యటి రొద కాదు. నిరాశ పడ్డాను. ఇది వినపడలేదనా నేనింత బాధపడింది అనిపించింది. కెమెరా పెద్దావిడ దగ్గరికి జరిగి, ఆ గరగర మెల్లగా కరిగిపోగానే నాకు ఇంటికి వచ్చినట్టయింది. కొంతమంది తలలు తిప్పి స్పీకర్ల వైపు చూశారు. సౌండ్ చూసుకునే అబ్బాయి కంగారుగా బటన్ మీద చెయ్యి వేయబోతే, మా పిల్ల వాడి మణికట్టు పట్టుకుని ఆపింది. తెర మీద పెద్దావిడ సగం వంగి, ఒక్క వెన్ను తీసి, ఊపిరి వదిలి, అలాగే బొమ్మయిపోయింది.

బయటికొచ్చాక అందరూ పాల సినిమానే మెచ్చుకున్నారు. పొలం సినిమాలో మధ్యలో సౌండ్ కట్టయింది, సరిచేయించండి అని ఒక మేష్టారు మర్యాదగా చెప్పారు. చేయిస్తామండీ అని పిల్ల అంతే మర్యాదగా చెప్పింది.

అత్తకు చూపిద్దామని ఫోన్లో వేసుకుని పామర్రు వెళ్ళాను. ఆవిడ రెండుసార్లు చూసింది. చప్పుడు గురించి ఒక్క మాట అనలేదు. ఆవిడకు ఎలాగూ అంతా ఒకేలా ఉండి ఉంటుంది. "ఈ గుర్రమెక్కినోడు ఇటు రాడుగా?" అని అడిగింది. రాడని చెప్పాను. "అయితే ఇంకాసేపు ఏరుకోవచ్చు" అంది. నాకు కొబ్బరి నీళ్ళు ఇప్పించి, నా చెవుల వెనక మిషన్లు వేలితో తడిమి చూసి, తనకు మాత్రం వద్దంటే వద్దంది. మందిరంలో పాటలు వినపడుతున్నాయి, చాలట.

మిషన్లకు అలవాటు పడటానికి నెలలు పట్టింది. నా చీర చప్పుడుకు నేనే వెనక్కి తిరిగి చూసేదాన్ని. కొన్ని పూటలు తీసి పక్కన పెట్టేస్తాను. ఆ పూట మా ఆయన కొంచెం దగ్గరగా కూర్చుని మాట్లాడతారు.

మొన్న ఎండల్లో పిల్ల ఇంకో బొమ్మ తెచ్చింది. ఒక ఊళ్ళో కాలువ గడ్డకట్టుకుపోయింది. ఊరంతా, పెద్దా చిన్నా, ఆ మంచు మీద జారుతూ ఆడుకుంటున్నారు. మా ముగ్గురిలో గడ్డకట్టిన కాలువ ఎవరూ చూడలేదు. మా ఆయనకు మొదటిసారి ఒక బొమ్మ మీద అభిప్రాయం కలిగింది. "ఇట్లా గడ్డకడితే కింది ఊళ్ళకి నీళ్ళు ఎట్లా వదులుతార్రా వీళ్ళు?" అని పదే పదే అడిగారు.

ఆ మధ్యాహ్నమే ఆయన ఐసు ఫ్యాక్టరీకి పోయి, చేపల కోసం చేసే పెద్ద దిమ్మ ఒకటి గోనెపట్టాలో చుట్టి ఆటోలో తెచ్చారు. వాచ్‌మన్ సాయంతో మూడు అంతస్తులూ మోసి, బాల్కనీలో నీడన పెట్టారు. పిల్ల మైకు దించింది. నేను పాత కత్తి తీసుకుని దిమ్మ మీద మెల్లగా ఒక గీత గీశాను. జారే కాలు చప్పుడు వచ్చింది. పిల్ల బొటనవేలు చూపించింది. ఇంకో గీత గీయబోతే, ఉండు పిన్నీ అని చెయ్యెత్తింది.

వడగాలికి దిమ్మ లోపల ఎక్కడో సన్నగా చిట్లుతోంది. ఒకటి ఇక్కడ, ఒకటి అక్కడ, నిప్పుల్లో ఉప్పు వేసినట్టు. తెల్లటి పగుళ్ళు లోపలికి పూలరెమ్మల్లా పాకుతున్నాయి. ముగ్గురం చుట్టూ గొంతుక్కూర్చున్నాం. కింద రోడ్డు మీద ఎవరో మామిడిపళ్ళు అమ్ముతున్నారు. చల్లటి ఆవిరి మా మోకాళ్ళకు తగులుతోంది.

"వినపడుతోందా?" అని మా ఆయన పెదవులతోనే అడిగారు.

వినపడుతోందని తలూపాను. ఆయన చెవి దిమ్మకు ఇంకా దగ్గరగా పెట్టారు.